జోడీల లెక్క

సూరత్‌లోని ఉధ్నాకు వచ్చిన నలభై ఒక్క ఏళ్లలో ఈ ఊరి కోటను నేను పదకొండుసార్లు చూశాను. పదకొండుసార్లూ బస్సు కిటికీలోంచే. కోట ఉన్న చౌక్ బజార్ వైపు పని పడింది అన్నిసార్లే: ఆసుపత్రికి ఏడుసార్లు, పెళ్లి బట్టలకు నాలుగుసార్లు. లోపలికి ఒక్కసారీ పోలేదు. మా వీధిలో ఏ తలుపు తట్టి అడిగినా దాదాపు ఇదే లెక్క చెబుతారు. మేం తెలంగాణ నుంచి ఈ ఊరికి నేత పనికి వచ్చినవాళ్లం. మగవాళ్లకు సాంచాలు, అంటే మరమగ్గాలు. ఆడవాళ్లకు షెడ్డులో బాబిన్లు చుట్టడం, ఇంటి దగ్గర చీరల మీది దారాలు కత్తిరించడం. ఊరు చూసే తీరిక ఎవరికీ లేకపోయింది.

కిందటేడు దీపావళి తర్వాత మా వీధి ఆడవాళ్లు బస్సు మాట్లాడుకుని, ఒక్కరోజులో తక్కువ ఖర్చుతో సూరత్ పాత కట్టడాలు చూసి రావాలనుకున్నారు. ఏర్పాట్లు నాకు అప్పజెప్పారు. నా దగ్గర ఎప్పుడూ నోటుబుక్కు ఉంటుందనీ, నేను చెప్పిన టైము తప్పదనీ అందరికీ తెలుసు. ఆ పేరు నాకూ ఇష్టమే. జనవరి మూడో ఆదివారం, ఇరవై ఏడు మంది, మనిషికి మూడు వందల యాభై, మొత్తం తొమ్మిది వేల నాలుగు వందల యాభై. బస్సు, టికెట్లు, మధ్యాహ్నం పులిహోర పొట్లం అన్నీ అందులోనే. పొద్దున ఎనిమిదికి బయలుదేరి కోట, తెల్లవాళ్ల సమాధులు, గోపీ తలావ్ అనే పాత చెరువు, ఆఖరున డుమాస్ సముద్రం చూసి నాలుగింటికల్లా తిరిగి రావాలి. డ్రైవర్‌కు సాయంత్రం పెళ్లి బేరం ఉంది, అందుకే అంత చవకగా ఒప్పుకున్నాడు. ప్రతి చోటికీ ఇన్ని నిమిషాలని నేను ముందే వేసి పెట్టుకున్నాను.

అందరికంటే ముందు పేరు రాయించుకున్నది మా వదిన. రక్తసంబంధం కాదు. ముప్పై ఏళ్లుగా పక్క గదిలో ఉంటోంది కాబట్టి నేను ఆమెను వదినె అంటాను, ఆమె నన్ను వదినె అంటుంది.

"నాకు కోట వద్దు గీట వద్దు. లోపల అద్దాల పెట్టెల పాత కాలపు నేత బట్టలు వెట్టిన్రట. అవి సూడాలె," అంది.

వాళ్ల నాన్న ఊళ్లో చేనేత మగ్గం మీద నేసేవాడు. ఆయన చేతి బట్ట ఒక్క ముక్క కూడా ఆమె దగ్గర మిగల్లేదు. ఆ సంగతి ముప్పై ఏళ్లలో నాకు రెండుసార్లే చెప్పింది.

వదినకు చెవులు వినబడవు. ఇరవై ఆరేళ్లు ఒకే షెడ్డులో మిషన్ల మధ్య నిలబడింది. ఆమె పక్క మిషన్ మీద నేను పంతొమ్మిదేళ్లు చేశాను. ఆ చప్పుడులో గొంతు చించుకున్నా మాట అందదు కాబట్టి అక్కడ అందరం పెదవులతోనే మాట్లాడుకునేవాళ్లం. టీ వచ్చింది, సేఠ్ వస్తున్నాడు, నీ దారం తెగింది, కొంగు జాగ్రత్త, ఇలా అన్నీ. నేను ఏడేళ్లు ముందుగా మానేశాను కాబట్టి నా చెవులు కొంత మిగిలాయి. ఆమెవి పూర్తిగా పోయాయి. ఇప్పటికీ ఎదురుగా నిలబడి మాట్లాడితే ఆమెకు ఒక్క మాట తప్పిపోదు. తల వంచుకునో పక్కకు తిరిగో మాట్లాడితే ఏమీ అందదు. ఈ సంగతి నాకు తెలిసినంతగా ఉధ్నాలో ఇంకెవరికీ తెలియదు. తెలియక చేశాననడానికి నాకు వీల్లేదని చెప్పడానికే ఇదంతా రాస్తున్నాను.

బస్సు ఎనిమిదీ నాలుగు నిమిషాలకు కదిలింది. నేను డ్రైవర్ పక్కన ఒంటరి సీటులో కూర్చున్నాను. వెనక కుడివైపు ఏడు జోడీలు, ఎడమవైపు ఆరు. వదిన నాలుగో వరుసలో కిటికీ దగ్గర. ఆమె పక్కన, మా వీధిలోని ఒక ఇంటికి నవాగామ్ నుంచి వచ్చిన కొత్త కోడలు. ఆ పిల్ల సూరత్‌లోనే పుట్టి పెరిగింది, తెలుగులోకి హిందీ దానంతటదే వచ్చి పడుతుంది. నన్ను పెద్దమ్మా అంటుంది. నేనంటే కాస్త భయం.

కోట ముందు బస్సు ఆగగానే నేను లేచి నియమాలు చదివాను. చదివాను అనేదే సరైన మాట. నోటుబుక్కు కళ్లకు దగ్గరగా పట్టుకుని, తల వంచి, ఆరు నియమాలూ ఆపకుండా చదివాను. నాలుగో నియమం ఇది: పదీ ఇరవైకి డ్రైవర్ మూడుసార్లు హారన్ కొడతాడు, అందరూ దిగిన చోటికే వచ్చి ఎక్కాలి, ఐదు నిమిషాలకు మించి బస్సు ఆగదు.

"పెద్దమ్మా, బళ్లె సారు గూడ గిట్ల సదవలే," అని వెనక నుంచి ఎవరో అన్నారు. "బాత్‌రూం యాడ ఉన్నదో జర అది చెప్పు."

"అది మూడో నియమం. నువ్వు వినలేదు," అన్నాను. బస్సంతా నవ్వింది.

"సమజైందా అందరికి?" అని అప్పుడు తల ఎత్తాను.

అందరితోపాటు వదినా తల ఊపింది. వినబడనివాళ్లు నలుగురిలో ఉన్నప్పుడు అలా ఊపుతారు, పక్కవాళ్లను చూసి, ఒక్క క్షణం ఆలస్యంగా. ఆ ఆలస్యం నాకు కనిపించింది. అయినా పేర్లన్నిటికీ ఎదురుగా టిక్కులు పెట్టాను, ఆమె పేరుకు కూడా.

కోట బాగుంది. మందపాటి గోడలు, గుండ్రటి బురుజులు, పైకెక్కితే తాపీ నది. బట్టలు పెట్టిన గదికి నేను వేసుకున్న టైము ఎనిమిది నిమిషాలు. పదీ పదికి నేను ఆ గదిలోంచి పోతుంటే వదిన ఒక్కతే అక్కడ ఉంది. అద్దానికి నుదురు దాదాపు ఆనించి, లోపలి బట్ట మీద పోగులు లెక్కపెడుతున్నట్టు వేలిని అద్దం మీద అంగుళం అంగుళం జరుపుతోంది. చేయి చాపితే అందే దూరం. భుజం తట్టి, మొహానికి ఎదురుగా వచ్చి, పదీ ఇరవై అని పెదవులతో చెప్పడానికి ఎన్ని సెకన్లు పట్టేది? పైన బురుజు మీద ముగ్గురు ఫోటోలు దిగుతూ దిగి రావడం లేదు. వాళ్లను దించే తొందరలో నేను ఆమె వెనక నుంచి వెళ్లిపోయాను.

హారన్ మోగింది. ఆడవాళ్లు వచ్చి ఎక్కారు. నేను లెక్కపెట్టాను.

ఎలా లెక్కపెట్టానో చెప్పాలి. దారాలు కత్తిరించడానికి ఇంటికి వచ్చే కట్టలో రెండేసి చీరలు కలిపి మడిచి ఉంటాయి. మేం కట్ట విప్పం. ఇవతలి అంచులు మాత్రం వేలితో తిరగేస్తూ జోడీలు లెక్కపెట్టి రెట్టింపు చేస్తాం. వంద చీరల కట్టకు అర నిమిషం చాలు. ముప్పై ఏళ్లుగా నా చేతికి అదే లెక్క వచ్చు. ఆ రోజు కూడా బస్సు మధ్యలో నడుస్తూ, నడవ వైపు కూర్చున్న మనిషినే ముట్టుకుంటూ పోయాను. ఒకటి, రెండు, మూడు.

నాలుగో వరుస దగ్గర ఆ కొత్త కోడలు లేవబోయింది. "పెద్దమ్మా, ఇక్కడ..."

నేను అరచేయి అడ్డం పెట్టాను. "లెక్క తప్పిస్తవా ఏంది? ఊకో."

ఆ పిల్ల కూర్చుంది. కిటికీ వైపు సీటులో వదిన చేతిసంచి ఉంది. దాన్నీ చూశాను. చూసి ఏమనుకున్నానో ఇప్పటికీ గుర్తు తెచ్చుకోలేకపోతున్నాను. బహుశా ఏమీ అనుకోలేదు. పదమూడు జోడీలు, ఇరవై ఆరు, నాతో ఇరవై ఏడు.

"బా, సబ్ ఆ గయే?" అమ్మా, అందరూ వచ్చేశారా అని డ్రైవర్ అడిగాడు.

"ఆ గయే, చలో," అన్నాను. పదీ ఇరవై ఆరు. ఒక్క నిమిషమే ఆలస్యం అని రాసుకున్నాను.

సమాధుల దగ్గర గంటకు పైగా ఉన్నాం. ఎప్పుడో వ్యాపారానికి వచ్చి ఇక్కడే చనిపోయిన తెల్లవాళ్లవి. మేడలంత ఎత్తు, పైన గుమ్మటాలు. "సచ్చినోళ్లకు గింత పెద్ద ఇల్లు," అని ఒకామె ముక్కు మీద వేలేసుకుంది. "మనకు బతికుండంగనే పది బై పది ఖోలీ." అందరం నవ్వాం. నేనూ నవ్వాను. సంక్రాంతి గాలిపటాల దారాలు ఇంకా చెట్లకు వేలాడుతున్నాయి. ఎవరి మెడకూ తగలకుండా చూసుకోండని రెండుసార్లు హెచ్చరించాను. అంత జాగ్రత్త గల మనిషిని మరి.

పన్నెండూ నలభైకి గోపీ తలావ్ గట్టు మీద కూర్చోబెట్టి పొట్లాలు పంచాను. ఇరవై ఏడు పొట్లాలు తెచ్చాం. అందరికీ ఇచ్చి నాది తీసుకున్నాక ఒకటి మిగిలింది. ఇక్కడ నిజం రాయాలి. నాకు సంతోషం వేసింది. వంటామె పొరపాటున ఇరవై ఎనిమిది కట్టిందనుకున్నాను.

"ఒకటి ఎక్కువొచ్చింది. డ్రైవర్‌కు ఇద్దాం," అన్నాను.

కొత్త కోడలు తన పొట్లం విప్పకుండా ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. కళ్లలో నీళ్లు.

"అది ఎక్కువ కాదు పెద్దమ్మా. అది నా పక్క సీటు వాళ్లది. కోట కాడి సంది వాళ్లు లేరు. నేను చెప్పబోతే మీరు చుప్ కూసోమన్నరు. ముందర మీ కాడ యాడన్న కూసున్నరేమో అని సోంచాయించిన. ఇక్కడ జూస్తే యాడ లేరు."

ఆటో పిలిచి ఆ పిల్లను వెంటబెట్టుకుని కోటకు పోయాను. ఫోన్ చేయడానికి వీల్లేదు, వదిన ఫోన్ బస్సులో ఆమె సంచిలోనే ఉంది. ఉన్నా ఆమెకు వినబడదు. కోట ముందు దిగేసరికి పన్నెండూ యాభై ఎనిమిది. బస్సు వదిలి పోయి రెండు గంటల ముప్పై రెండు నిమిషాలు.

వదిన బస్సు ఆగిన చోటే నిలబడి ఉంది. ఆ చుట్టుపక్కల ఎక్కడో కాదు, సరిగ్గా ఆ చోటే, రోడ్డు అంచున, కొంగు నెత్తి మీద కప్పుకుని, ఎండలో. నాలుగడుగుల దూరంలో మోసంబీ రసం బండి గొడుగు కింద నీడ ఉంది. ఆ నీడకు కూడా పోలేదు. షెడ్డులో మొదటిరోజు నేర్పే పాఠం అది. దారం తెగితే మిషన్ వదిలి ఎవరినీ వెతుక్కుంటూ పోకూడదు, అక్కడే నిలబడాలి, మిషన్ బాగుచేసే మిస్త్రీయే వస్తాడు.

"యాడికి వోయిన్రే అందరు?" అని రోడ్డంతా వినబడేలా అడిగింది. "బస్సు ఆగిన తాననే ఉన్న. జరుగలే. జరిగితె మీకు దొర్కనని."

నేను ఆమె మొహానికి ఎదురుగానే ఉన్నాను. గొంతు కూడా అక్కర్లేదు, పెదవులు కదిపితే చాలు. పొరపాటు నాది అనడానికి రెండు మాటలు. ఆమె కొంగు సవరించాను. "దా, ఆకలైతున్నదా?" అన్నాను.

మేం గోపీ తలావ్‌కు వచ్చి, ఆమె తిని, అందరూ బస్సెక్కేసరికి రెండు కావచ్చింది. డుమాస్ పోయి నాలుగింటికి ఉధ్నా చేరడం కుదరదని డ్రైవర్ తేల్చి చెప్పాడు. సముద్రంలో తడుస్తామని ఆడవాళ్లు వేరే చీరలు తెచ్చుకున్నారు. వాళ్లలో సగం మంది సూరత్‌లో ఉండి సముద్రం చూడనివాళ్లే.

"ఏం వదినె, కోటల ఏమన్న జాగ కొన్నవా?" అని ఒకామె అంది.

"పోయిన జన్మల ఆ కోటకు రాణి గావొచ్చు. ఇడిసిరా బుద్ధి గాలే," అని ఇంకొకామె.

నవ్వులు అయ్యాక అందరిలోకి లావుగా ఉండే ఒక పెద్దామె సూటిగా అడిగింది. "నవ్వుడు గాదు. సముద్రం ఎవలతోని పోయింది? అది చెప్పున్రి."

వదిన ఆ మొహాలన్నీ చూసింది. తర్వాత నా మొహం చూసింది. నేను ఏదో చెబుతానని ఎంతసేపు ఎదురుచూసిందో నేను లెక్కపెట్టలేదు. తర్వాత అంది, "తప్పు నాదే. బట్ట జూస్కుంట నిలవడ్డ. టైం మర్సిన."

కొత్త కోడలు గిరుక్కున నా వైపు తిరిగింది. నేను నోటుబుక్కు తెరిచి రాశాను: ఒకరి ఆలస్యం వల్ల డుమాస్ రద్దు. పేరు రాయలేదు. చదివినవాళ్లు వదిన అనుకుంటారని తెలిసే రాయలేదు.

ఫిబ్రవరి ఆఖరి ఆదివారం ఒకరి మేడ మీద కలిశాం. ఈసారి ఉనాయ్ వేడినీళ్ల గుండాలకు పోదామని మాట. ఏర్పాట్లు మళ్లీ నాకే. వదిన నాకు ఎదురుగా పిట్టగోడకు ఆనుకుని కూర్చుంది. నేను నోటుబుక్కులో పాత నియమాలు దిద్దుతున్నాను.

"ఇంకో రూల్ రాయాలె," అంది ఆ లావుపాటి పెద్దామె. "చెవులు ఇనరానోళ్లను తోల్కవోవద్దు. మల్ల గదే లొల్లి అయితది. ఎవల మీద కోపంతోని అంటలేను."

నా వెనక ఇద్దరు అవునన్నారు. "రాయి పెద్దమ్మా, ఏడో రూల్."

మా వీధి నుంచి ఆ ట్రిప్పుకు వచ్చేవాళ్లలో చెవులు పూర్తిగా పోయింది ఒక్కరికే. అందరికీ తెలుసు. నేను ఏడు అని అంకె వేసి రాశాను. రాసి తల ఎత్తేసరికి వదిన నా వైపే చూస్తోంది. గొంతు లేకుండా, షెడ్డులో అడిగినట్టే, పెదవులతో అడిగింది.

"ఏమంటున్నరు?"

నేనూ గొంతు లేకుండానే చెప్పాను. "బస్సు కిరాయి పెరిగిందట."

ఆమె తల ఊపింది. ఈసారి ఆలస్యం లేదు.

ఆ భాషలో నేను అంతకుముందు ఎప్పుడూ అబద్ధం చెప్పలేదు. చెప్పే అవసరం ఉండేది కాదు. ఆ చప్పుడులో పనికొచ్చే మాటలే మాట్లాడేవాళ్లం. పొరపాటున మనిషిని వదిలేయడం ఒకటి. ఆమె నా కోసం నింద మోస్తుంటే, ఆ నిందనే అడ్డం పెట్టుకుని ఆమె పేరు నా చేత్తో తీసేయడం ఇంకొకటి. పదకొండు రోజులు నోటుబుక్కు తెరవలేదు. కరెంటు బిల్లు తేదీ దాటిపోయింది, నా జన్మలో మొదటిసారి.

పన్నెండో రోజు మధ్యాహ్నం రెండింటికి ఆమె గదికి పోయాను. చాప మీద కూర్చుని చీరల దారాలు కత్తిరిస్తోంది. ఆమెకు ఎదురుగా, వెలుతురు నా మొహం మీద పడేలా కూర్చున్నాను. అంతా చెప్పాను. తల వంచి చదవడం, కోటలో వెనక నుంచి వెళ్లిపోవడం, అంచుల లెక్క, ఆ పిల్లకు అరచేయి చూపించడం, మిగిలిన పొట్లం చూసి సంతోషపడటం, ఏడో నియమం, కిరాయి అబద్ధం. దేన్నీ వదల్లేదు. ఆమె చేతిలో కత్తెర ఆడుతూనే ఉంది. కళ్లు మాత్రం నా నోటి మీదే.

"అయిపోయిందా?" అంది.

"అయిపోయింది."

"కోట కాడ మర్సినవ్. మర్సుడు ఎవలకైన ఉంటది. తప్పు నేను మీదేస్కున్న. ఇన్నేండ్లకు నీకు పేరు వోతదని ఏస్కున్న. అది నా ఇష్టం." దారం కొస ఒకటి తెంపి పక్కన పడేసింది. "కని మేడ మీద నీ ఒక్కదాని మూతే సూస్తున్ననా నేను? ఆ లావుపాటామె ఏమన్నదో సూసిన. నీ ఎన్కున్న ఇద్దరు ఏమన్నరో సూసిన. అంత సూసినంకనే నిన్ను అడిగిన."

నేను అడిగాను. "మరి ఎందుకడిగినవ్ వదినె?"

"నువ్వేం జెప్తవో ఇందామని."

ఆమె కళ్లు చీర మీదికి దించుకుంది. నేను లేచి వచ్చేశాను. ఎంతసేపు కూర్చున్నానో నాకు తెలియదు, గడియారం చూడలేదు.

తర్వాతి ఆదివారం మేడ మీద అందరి ముందూ చెప్పాను. వదిన రాలేదు. పిలిచాను కానీ పని ఉందంది. ఆడవాళ్లు నన్ను ఏమీ అనకపోవడమే నాకు కష్టమైంది. "పోనీ పెద్దమ్మా, వయసు మీద వడ్డది గదా," అన్నారు. వదినను రెండు నెలలు ఎగతాళి చేసినవాళ్లు నన్ను రెండు నిమిషాల్లో క్షమించారు. లావుపాటి పెద్దామె మాత్రం, "గంత లెక్కలదానివి, తప్పు నాదే అని ఆమెతోని అనిపియ్యకపోతుంటివి," అంది. ఆ మాట నాకు రావలసిందే. ఏడో నియమం కొట్టేశాం. మనుషుల లెక్క ఇకమీద కొత్త కోడలు చూస్తుంది, ఒక్కొక్కరినీ ముట్టుకుని. నియమాలు నేను కాగితం చూడకుండా, అందరి వైపూ తిరిగి చెబుతాను.

మర్నాడు ఉనాయ్ జాబితా కొత్త పేజీలో మొదలుపెట్టాను. ఒకటో నంబరుగా వదిన పేరు రాసి, తీసుకుపోయి ఆమెకు చూపించాను. ఆమెకు చదువు తక్కువ కానీ తన పేరు చదవగలదు. అంకె కూడా చదివింది.

"నేను వస్తనని జెప్పిన్నా?"

"చెప్పలే. వస్తవా?"

ఆమె పుస్తకం నా చేతికి తిరిగి ఇచ్చింది. "ఇప్పటిదాంక ఎంతమంది జెప్పిన్రు?"

"పదిమంది."

"గట్లయితె పదకొండు. ఒకటి వద్దు నాకు. నా వరుసల నన్ను రాయి."

ఒకటో నంబరు కొట్టేసి, ఆమె ముందే కూర్చుని పదిమంది పేర్లూ రాసి, పదకొండో చోట ఆమె పేరు రాశాను. ఆమె ఆ వరుసలన్నీ వేలు పెట్టి చూసుకుని, తలుపు దగ్గర చెప్పులు వేసుకుని నీళ్లకు పోయింది.